సీసా బాక్టీరియా పోసినా కొత్త అక్వేరియంలో అమ్మోనియా తగ్గడం లేదు, ఏం చేయాలి?

కొత్తతొట్టి (ప్రశ్న):

అందరికీ నమస్కారం. మంచినీటి చేపల కోసం 80 లీటర్ల అక్వేరియాన్ని ఏర్పాటు చేసి నేటికి 16 రోజులైంది. కొళాయి నీటిలో క్లోరిన్‌ను తొలగించే మందు కలిపి, ఫిల్టర్‌ను నడిపి, మేలు చేసే బాక్టీరియా ఉన్నట్లు ముద్రించిన సీసాలోని ద్రవాన్ని చెప్పిన కొలత ప్రకారం మొదటి ఏడు రోజులూ పోశాను. చేపలను వెంటనే వదలవచ్చునని సీసాపైనే ఉండటంతో మూడో రోజున ఎనిమిది జీబ్రా డానియోలను వదిలాను. నాలుగో రోజుకు నీరు పాలు కలిపినట్లు తెల్లబడింది. నిన్న, మొన్న ఒక్కొక్క చేప చనిపోయింది. మిగిలినవి నీటి పైభాగానికి చేరి వేగంగా శ్వాసిస్తున్నాయి.

ఈ ఉదయం ద్రవ కిట్‌తో పరీక్షిస్తే అమ్మోనియా 1 పీపీఎం (లీటరుకు ఒక మిల్లీగ్రాము), నైట్రైట్ 1 పీపీఎం, నైట్రేట్ సుమారు 5 పీపీఎం చూపించింది. పీహెచ్ 7.4, ఉష్ణోగ్రత 26 డిగ్రీలు. సీసాలో సగం ద్రవం ఇంకా మిగిలి ఉంది. అదంతా ఒకేసారి పోస్తే పరిస్థితి చక్కబడుతుందా? అసలు ఈ బాక్టీరియా పని చేస్తుందా, లేక నేను చేయడంలోనే పొరపాటు ఉందా? మిగిలిన ఆరు చేపలనైనా కాపాడుకోవాలని ఉంది.

మొప్పల నేస్తం:

సీసా సంగతి తరువాత చూద్దాం, ముందు చేపల సంగతి. ఈ రోజే సగం నీటిని మార్చండి. కొత్త నీటికి క్లోరిన్ తొలగించే మందును కలిపి, ఉష్ణోగ్రత పాత నీటితో సరిపోయేలా చూసుకుని నెమ్మదిగా పోయండి. రేపు మళ్లీ పరీక్షించి, అమ్మోనియా, నైట్రైట్‌లలో ఏ ఒక్కటి 0.5 పీపీఎం దాటినా మరోసారి సగం మార్చండి. నీరు మారిస్తే బాక్టీరియా పోతుందన్న భయం అక్కరలేదు. అమ్మోనియాను మార్చే బాక్టీరియా నీటిలో తేలుతూ ఉండేది చాలా తక్కువ, అది ఫిల్టర్ స్పాంజిని, గులకరాళ్లను, గాజు గోడలను అంటిపెట్టుకుని పలుచని జిగురు పొరలో జీవిస్తుంది.

మీ కిట్ చూపే అంకె మొత్తం అమ్మోనియాది. అందులో చేపకు విషమయ్యే భాగం ఎంత అన్నది పీహెచ్, ఉష్ణోగ్రతల మీద ఆధారపడి ఉంటుంది. 25 డిగ్రీల వద్ద పీహెచ్ 7.0 ఉంటే విషపూరిత భాగం సుమారు 0.6 శాతం మాత్రమే, పీహెచ్ 8.0 అయితే అది 5 శాతం దాటుతుంది. మీ నీటిలో ఇది ఒకటిన్నర శాతం దగ్గర ఉండవచ్చు. కాబట్టి ప్రస్తుతం అమ్మోనియా కంటే నైట్రైట్ గురించే నాకు ఎక్కువ ఆందోళనగా ఉంది. నైట్రైట్ మొప్పల గుండా రక్తంలోకి చేరి హిమోగ్లోబిన్‌ను ఆక్సిజన్ మోయలేని రూపంలోకి మారుస్తుంది. నీటిలో ఆక్సిజన్ ఉన్నా చేప ఉక్కిరిబిక్కిరి అవుతుంది, మొప్పలు గోధుమ రంగుకు తిరుగుతాయి. మీరు వర్ణించిన వేగమైన శ్వాసకు ఇది సరిపోతుంది.

దీనికి తేలికైన ఉపశమనం ఉప్పు. మొప్పల వద్ద క్లోరైడ్, నైట్రైట్ ఒకే దారిలో లోపలికి వెళతాయి గనుక నీటిలో క్లోరైడ్ ఎక్కువగా ఉంటే నైట్రైట్ లోపలికి చేరడం తగ్గుతుంది. ఏమీ కలపని సాధారణ ఉప్పును పది లీటర్లకు ఒక గ్రాము చొప్పున, అంటే మీ తొట్టికి 8 గ్రాములు, విడిగా నీటిలో కరిగించి పోయండి. ఆ తరువాత నీరు మార్చినప్పుడల్లా తీసినంత నీటికి సరిపడా ఉప్పును మాత్రమే మళ్లీ చేర్చండి. గాలి పంపు ఉంటే రాత్రింబవళ్లు నడపండి. రెండు రోజులు మేత పూర్తిగా ఆపండి. చేపలు తట్టుకోగలవు, కుళ్లిన మేతను తట్టుకోవడమే కష్టం.

మిగిలిన సీసాను ఒకేసారి పోయవద్దు. కారణం ఇంకెవరైనా వివరంగా చెబుతారు, ప్రస్తుతానికి ఆపండి.

నాచుపచ్చ:

ఆ వివరణ నేను ఇస్తాను. బాక్టీరియా సీసాలన్నీ ఒకటి కావు, ఈ ఒక్క విషయం తెలియకనే చాలామంది చేపలను పోగొట్టుకుంటున్నారు.

చేపలు మొప్పల ద్వారా వదిలే అమ్మోనియాను ఒక రకం బాక్టీరియా నైట్రైట్‌గా, మరొక రకం నైట్రైట్‌ను నైట్రేట్‌గా మారుస్తాయి. ఈ మార్పు సూక్ష్మజీవుల పని అని 1890 ప్రాంతంలో సెర్గీ వినోగ్రాడ్‌స్కీ నిరూపించాడు. రెండో దశను నైట్రోబాక్టర్ చేస్తుందని చాలాకాలం పుస్తకాలు రాశాయి. అయితే మంచినీటి అక్వేరియంలలో ఆ పని ప్రధానంగా చేసేది నైట్రోస్పైరా అని 1998లో ఒక పరిశోధన తేల్చింది. నైట్రోస్పైరాలోనే కొన్ని అమ్మోనియాను నేరుగా నైట్రేట్ వరకు తీసుకువెళ్లగలవని 2015లో రెండు పరిశోధక బృందాలు ప్రకటించాయి. వాటిలో ఒక బృందం చేపల పెంపక వ్యవస్థలోని బయోఫిల్టర్ నుంచే వాటిని వృద్ధి చేసింది. మన ఫిల్టర్‌ల వంటి చోట అది దొరికిందన్న సంగతి నాకు ఇప్పటికీ ఎంతో ఆనందాన్నిస్తుంది.

ఈ జీవులకు రెండు లక్షణాలున్నాయి. మొదటిది, అవి చాలా నెమ్మదిగా పెరుగుతాయి. కుళ్లిన పదార్థాన్ని తినే సాధారణ బాక్టీరియాలో కొన్ని అరగంటలోపే రెట్టింపు కాగలిగితే, వీటికి అనుకూల పరిస్థితుల్లోనూ అనేక గంటలు, తరచుగా ఒక రోజు వరకు పడుతుంది. రెండవది, ఇవి గట్టి కవచం గల బీజరూపాన్ని దాల్చలేవు. అందువల్ల వీటిని సజీవంగా నింపిన సీసాను చల్లగా ఉంచాలి, గడ్డకట్టనివ్వకూడదు, ఎండ తగలనివ్వకూడదు, గడువులోపే వాడాలి.

అలా జాగ్రత్తగా ఉంచే సదుపాయం లేని చోట నెలల తరబడి అరల మీద నిలిచే సీసాల్లో తరచుగా ఉండేది బాసిల్లస్ జాతి. అది బీజరూపంలో ఎంతకాలమైనా వేచి ఉండి, నీటిలో పడగానే మేలుకుని, మిగిలిన మేతనూ మలినాలనూ తింటుంది. అది పనికిరానిదని నేను అనను, అడుగున పేరుకునే బురదను తగ్గించడంలో దాని సేవ ఉంది. కానీ అమ్మోనియాను నైట్రేట్‌గా మార్చడం దాని పని కాదు. పైగా మలినాలు కరిగేటప్పుడు కొత్తగా అమ్మోనియా విడుదలవుతుంది, ఆక్సిజన్ ఖర్చవుతుంది. మీ నీరు పాలలా తెల్లబడటం ఇలాంటి వేగంగా పెరిగే బాక్టీరియా సమూహమే. మొత్తం సీసాను ఒకేసారి పోయవద్దన్నది అందుకే: ఇప్పటికే శ్వాసకు ఇబ్బంది పడుతున్న చేపల దగ్గరకు ఆక్సిజన్‌ను వాడుకునే మరో గుంపును పంపినట్లవుతుంది.

సీసాపై ఏ బాక్టీరియా పేర్లున్నాయో, దాన్ని ఎలా నిల్వ ఉంచమన్నారో చూసి చెప్పండి. ఫిల్టర్‌లో యూవీ దీపం ఉందా?

కొత్తతొట్టి:

ఇద్దరికీ కృతజ్ఞతలు. సగం నీరు మార్చి, చెప్పిన కొలతలోనే ఉప్పు కలిపాను. సాయంత్రానికి చేపల శ్వాస కాస్త నెమ్మదించింది.

సీసాపై బాసిల్లస్ పేర్లు మూడున్నాయి, అమ్మోనియాను నైట్రైట్‌గా మార్చే నైట్రోసోమోనాస్ పేరు గానీ, నైట్రోస్పైరా పేరు గానీ ఎక్కడా లేవు. సాధారణ గది ఉష్ణోగ్రతలో ఉంచవచ్చునని రాసి ఉంది. ఫిల్టర్‌లో యూవీ దీపం ఉంది, మొదటి రోజు నుంచి అది వెలుగుతూనే ఉంది. దాన్ని ఆపాలని నాకు తట్టలేదు. ఇప్పుడు సరైన సీసా కొనాలా, లేక ఓపిక పట్టాలా?

స్పాంజి వాది:

కొనండి, కానీ అంతకంటే మేలైన దారి ఒకటుంది. నెలల తరబడి ఆరోగ్యంగా నడుస్తున్న తొట్టి మీకు తెలిసినవారి దగ్గర ఉంటే, వారి ఫిల్టర్ నుంచి స్పాంజి ముక్క ఒకటి అడిగి తెచ్చి, దాన్ని ఆరనివ్వకుండా ఆ తొట్టి నీటిలోనే ఉంచి, కొన్ని గంటల్లోపే మీ ఫిల్టర్‌లో పెట్టండి. అక్కడి నీటిని మాత్రం తేనక్కరలేదు, అందులో మీకు కావలసింది దాదాపు ఉండదు. జబ్బులు ఉన్న తొట్టి నుంచి ఏదీ తేవద్దు, స్పాంజితోపాటు రోగక్రిములూ వస్తాయి.

అలాంటి తొట్టి అందుబాటులో లేకపోతే, సజీవ నైట్రిఫైయింగ్ బాక్టీరియా (అమ్మోనియాను నైట్రేట్‌గా మార్చేది) ఉన్నదని స్పష్టంగా రాసిన, చల్లగా నిల్వచేసిన సీసాను గడువు తేదీ చూసి తీసుకోండి. యూవీ దీపాన్ని రెండు రోజులు ఆపి, సీసాను బాగా కుదిపి, ద్రవాన్ని నేరుగా ఫిల్టర్ స్పాంజి మీద పోయండి. దీపం స్పాంజి మీది పొరను ఏమీ చేయదు గానీ, ఇంకా అంటుకోకుండా నీటిలో తిరిగే కణాలను చంపుతుంది. అదే రోజున పోసే కొత్త నీటిలో క్లోరిన్, క్లోరమైన్ (క్లోరిన్, అమ్మోనియా కలిసిన క్రిమిసంహారకం) మిగలకుండా చూసుకోండి. క్లోరమైన్ ఉన్న నీటికి మందు కలిపినప్పుడు క్లోరిన్ పోయి అమ్మోనియా మిగులుతుంది గనుక నీరు మార్చిన వెంటనే పరీక్షలో కొంత అమ్మోనియా కనిపించినా కంగారు పడవద్దు.

నా స్వంత పొరపాటు ఒకటి చెబుతాను. మొదటి తొట్టికి నేను మంచి సీసానే కొన్నాను, కానీ చేపలను వదలడానికి పది రోజుల ముందే పోసి, తొట్టిని ఖాళీగా నడిపించాను. నీటిలో అమ్మోనియా లేకపోతే ఆ జీవులకు ఆహారం లేనట్లే. చేపలను వదిలిన రోజు నుంచి అమ్మోనియా పెరుగుతూ పోయి, అందమైన నాలుగు టెట్రాలు నా కళ్ల ముందే పోయాయి. చేపలు లేకుండా తొట్టిని సిద్ధం చేయాలంటే బాక్టీరియాతోపాటు అమ్మోనియం క్లోరైడ్ కూడా ఇవ్వాలి. 100 లీటర్లకు సుమారు 0.63 గ్రాములు కలిపితే 2 పీపీఎం అమ్మోనియా అవుతుంది. ఆ మొత్తం 24 గంటల్లో సున్నాకు చేరి, నైట్రైట్ కూడా సున్నా చూపిన రోజున తొట్టి సిద్ధమైనట్లు. బాక్టీరియా ఏదీ చేర్చకపోతే దీనికి సాధారణంగా నాలుగు నుంచి ఆరు వారాలు పడుతుంది. మంచి స్పాంజి ముక్కతో అది రోజులకు తగ్గవచ్చు. మీ తొట్టిలో చేపలున్నాయి కాబట్టి అమ్మోనియం క్లోరైడ్ ఏమాత్రం కలపకండి.

కొత్తతొట్టి:

పన్నెండు రోజుల తరువాత తిరిగి రాస్తున్నాను. తెలిసినవారి తొట్టి నుంచి అరచేతి పరిమాణంలో స్పాంజి ముక్క దొరికింది. చెప్పినట్లే తెచ్చి పెట్టాను. ఆరు చేపలూ బతికే ఉన్నాయి. అయిదో రోజుకు అమ్మోనియా 0.25కు, నైట్రైట్ 0.5కు దిగాయి, నీరు తేటపడింది. కానీ గత నాలుగు రోజులుగా రెండూ అక్కడే ఆగిపోయాయి. పీహెచ్ మాత్రం 7.4 నుంచి 6.4కు పడిపోయింది. కార్బొనేట్ కాఠిన్యం (నీటిలోని కార్బొనేట్‌ల కొలత) పరీక్షలో ఒక డిగ్రీ కూడా చూపడం లేదు. పీహెచ్ పెంచే మందు వేయవచ్చా?

నాచుపచ్చ:

వేయవద్దు. బాక్టీరియా తన పని తాను చేసినందువల్లనే ఇది జరిగింది. ఒక మిల్లీగ్రాము అమ్మోనియా నత్రజని నైట్రేట్‌గా మారేటప్పుడు సుమారు ఏడు మిల్లీగ్రాముల క్షారత (నీటిలోని కార్బొనేట్‌లు ఆమ్లాన్ని తట్టుకునే గుణం) ఖర్చవుతుంది, 4.5 మిల్లీగ్రాములకు పైగా ఆక్సిజన్ కూడా. మీ నీటిలో మొదటి నుంచీ కార్బొనేట్‌లు తక్కువ కాబట్టి అవి అయిపోయి పీహెచ్ పడిపోయింది. పీహెచ్ 6.5 కంటే దిగితే ఈ బాక్టీరియా పని బాగా మందగిస్తుంది. బాక్టీరియా చచ్చిపోలేదు, క్షారత అందితే మళ్లీ అందుకుంటుంది.

ఇప్పటి పీహెచ్‌లో మీ 0.25 పీపీఎం అమ్మోనియా దాదాపు పూర్తిగా అమ్మోనియం రూపంలో, హానిలేని స్థితిలో ఉంది. మందు వేసి పీహెచ్‌ను ఒక్కసారిగా 8కి తీసుకువెళితే, అదే పరిమాణంలో ఉన్న అమ్మోనియాలో విషపూరిత భాగం కొన్ని గంటల్లోనే అనేక రెట్లు అవుతుంది. అందుచేత రోజుకు పదిహేను శాతం చొప్పున మూడు రోజులు నీరు మార్చండి, ఫిల్టర్ లోపల చిన్న జాలీ సంచిలో గుప్పెడు నలిపిన పగడపు ముక్కలు ఉంచండి. అవి నీరు ఆమ్లంగా మారేకొద్దీ నెమ్మదిగా కరుగుతూ కాఠిన్యాన్ని నిలుపుతాయి. కాఠిన్యం మూడు డిగ్రీలకు చేరాక అమ్మోనియా, నైట్రైట్ మళ్లీ దిగడం మీకే కనిపిస్తుంది.

రెండూ వరుసగా వారం రోజులు సున్నా చూపిన తరువాత కొత్త చేపలను రెండేసి చొప్పున, కనీసం వారం వ్యవధితో చేర్చండి. ఉన్న బాక్టీరియా ఇప్పుడున్న ఆరు చేపల వ్యర్థానికి సరిపడేంతే పెరిగి ఉంటుంది. స్పాంజిని కొళాయి కింద కడగవద్దు, నీరు మార్చేటప్పుడు తీసిన తొట్టి నీటిలోనే పిండి మళ్లీ పెట్టండి. మీ దగ్గర మిగిలిన బాసిల్లస్ సీసాను పారవేయనక్కరలేదు, నెలలు గడిచి అడుగున మలినం పేరుకున్నప్పుడు కొద్దికొద్దిగా వాడుకోవచ్చు.