హెక్ అనే జర్మన్ టీవీ వ్యాఖ్యాత గురించి తెలిసినవారున్నారా?

హనుమకొండ శ్రోత:
మా అబ్బాయి జర్మనీలోని ఆఖెన్‌లో చదువుతున్నాడు. వాడు అద్దెకుండే ఇంటి యజమానురాలు డెబ్బై దాటిన పెద్దావిడ. వాడికి జ్వరమొస్తే సూప్ కాచి ఇచ్చేంత మంచి మనిషి. వీడియో కాల్‌లో ఎప్పుడు కనిపించినా వెనక టీవీలో పాత పాటల కార్యక్రమమే ఉంటుంది. దాన్ని నడిపిన హెక్ పేరెత్తితే చాలు, ఆవిడ ముఖం వెలిగిపోతుంది. వేసవిలో నేను అక్కడికి వెళ్తున్నాను. ఆవిడకు ఇష్టమైన దాని గురించి నాలుగు మాటలు తెలుసుకుని వెళ్లాలని ఉంది. ఎవరాయన?

కాజీపేట పాటలపెట్టె:
అక్కా, ఆయన డీటర్ థామస్ హెక్. ఉద్యోగరీత్యా బెర్లిన్‌లో ఉన్నప్పుడు నేనూ ఆ పాత ప్రసారాలకు అలవాటుపడ్డాను. కార్యక్రమం పేరు ‘హిట్‌పరాడె’. 1969 జనవరిలో మొదలైంది, 1984 వరకు హెక్ గారే నడిపారు. ఇంగ్లీషు పాటలు ఊపేస్తున్న రోజుల్లో జర్మన్ పాటల కోసమే పెట్టిన వేదిక అది. వాద్యాలు రికార్డువే అయినా గొంతు మాత్రం అక్కడికక్కడే పాడాలి. పెదవులు కదిపి తప్పించుకోవడం కుదరదు. శ్రుతి తప్పితే దేశమంతా వినేది. ఆ నియమం వల్లే నాకు దానిమీద అంత గౌరవం.

హెక్ గారి మాటల వేగం ప్రసిద్ధం. కార్యక్రమం చివర్లో, దానికి పనిచేసినవారి పేర్లన్నీ ఊపిరి తిప్పుకోకుండా చదివేవారు. ఆయన చిన్నప్పుడు యుద్ధకాలపు బాంబుదాడిలో శిథిలాల కింద చిక్కుకున్నారు. ఆ దెబ్బకు నత్తి వచ్చింది. సంగీతం నేర్చుకుంటూ దాన్ని వదిలించుకున్నారు. ఇది తెలిశాక ఆ పేర్ల వరస వింటే నాకు కళ్లు చెమరుస్తాయి. మన బాలు గారు ‘పాడుతా తీయగా’లో పాట రాసినవారిని, స్వరపరిచినవారిని ఎంత ప్రేమగా తలచుకునేవారో గుర్తుందా? తెర వెనకవారిపై ఆ మర్యాద ఈయనలోనూ చూశాను. 2018లో కన్నుమూశారు.

అప్పట్లో ప్రేక్షకులు పోస్టుకార్డులతో ఓటు వేసేవారు. ఆవిడ ఎవరికి కార్డు రాసేవారో అడగండి, మాటలు వాటంతటవే సాగుతాయి.

కరీంనగర్ విద్యార్థిని:
హాంబర్గ్‌లో నా తోటివారికి ఈ పాటలంటే చిన్నచూపు. ఎప్పుడూ అదే ప్రేమ, అదే సముద్రం, బాధలన్నిటికీ తీపి పూత అంటారు. ఆ విమర్శను నేను పూర్తిగా కొట్టేయలేను. అయితే 1980ల మొదట్లో ట్రియో వంటి కొత్త తరం బృందాలూ ఇదే వేదిక ఎక్కాయి. వారికి తలుపు మూయలేదు, అది మెచ్చుకోవాలి.

హనుమకొండ శ్రోత:
ఇద్దరికీ ధన్యవాదాలు. ఆ గాయకుల్లో ఇంకా పాడుతున్నవారున్నారా? ఆవిడను కచేరీకి తీసుకెళ్లాలని ఉంది.

కాజీపేట పాటలపెట్టె:
రోలాండ్ కైజర్ ఉన్నారు అక్కా. డ్రెస్డెన్‌లో ఎల్బే ఒడ్డున ఆయన వేసవి కచేరీలకు జనం పోటెత్తుతారు. కానీ అది దేశానికి అటు చివర. పెద్దావిడతో అంత ప్రయాణం వద్దు. ఆఖెన్ నుంచి కొలోన్ రైల్లో సుమారు గంట. అక్కడ ఎవరి కచేరీ ఉందో అబ్బాయిని ముందే చూసి పెట్టమనండి. టికెట్లు త్వరగా అయిపోతాయి.