పాలపిట్టలో ‘పాల’ ఎక్కడిది?

అందరికీ నమస్కారం. ఒక పేరు దగ్గర ఆగిపోయాం, సాయం కావాలి.

మా కాలనీ పక్కన ఉన్న బడి పిల్లల కోసం నలుగురం కలిసి చిన్న పుస్తకం తయారుచేస్తున్నాం. అమీన్‌పూర్ చెరువు, గండిపేట, వికారాబాద్ దారి, వీటి చుట్టుపక్కల కనిపించే నలభై పిట్టలు అందులో ఉంటాయి. ఒక్కోదానికి బొమ్మ, గుర్తుపట్టే తీరు, కూత, తెలుగు పేరు ఇవ్వాలి. అన్నిటికంటే పేర్లే కష్టంగా ఉన్నాయి. మాలో ఒకరు ఇంగ్లిష్ పేర్లను తెలుగులోకి మార్చేద్దామన్నారు. లకుముకి అని చక్కటి మాట ఉండగా ‘చేపలు పట్టే రాజు’ అని ఎవరంటారు? బుల్‌బుల్‌కు పిగిలిపిట్ట ఉంది. అవే రాద్దామని ఒప్పించాను.

పాలపిట్ట దగ్గరికి వచ్చేసరికి పేరు మీద గొడవ లేదు, అర్థం మీదే సందేహం. తెలంగాణ రాష్ట్ర పక్షి కాబట్టి పిల్లలందరికీ ఆ పేరు తెలుసు. పాలపుంత, పాలరాయి అన్నప్పుడు తెలుపు గుర్తొస్తుంది. ఈ పిట్టలో తెలుపు దాదాపు లేదు. మరి ‘పాల’ ఏమిటి? పాలచెట్టు మీద వాలుతుందనా? పిల్లలు అడిగితే ఏం చెప్పాలి?

*

జవాబు, నల్లగొండ నుంచి:

అమ్మా, పాలచెట్టుకూ దీనికీ సంబంధం ఉందని మా ఊళ్లో ఎవరూ అనగా వినలేదు. అది కూర్చునేది కరెంటు తీగ మీద, బావి గట్టు మీద, ఎండిన తాటి మోడు మీద. మోడు తొర్రలోనే గుడ్లు పెడుతుంది. మా నాయనమ్మ చెప్పిన మాట వేరు. ఆవు పాలు తగ్గితే ఈ పిట్ట ఈకను గడ్డిలో కలిపి పెట్టేవాళ్లట. అందుకే పాలపిట్ట అనేది.

*

జవాబు, సికింద్రాబాద్ నుంచి:

పెద్దాయన చెప్పిందానికి పాత సాక్ష్యం ఉంది. మద్రాసు సైన్యంలో వైద్యుడిగా పనిచేసిన జెర్డన్ 1860ల్లో భారతదేశపు పక్షుల మీద పెద్ద గ్రంథం అచ్చువేశాడు. నెల్లూరులో ఉన్న మనిషి కాబట్టి తెలుగు పేర్లు శ్రద్ధగా రాసుకున్నాడు. ఈ పిట్ట ఈకలు తరిగి గడ్డితో పెడితే ఆవు ఎక్కువ పాలిస్తుందన్న నమ్మకాన్ని, పాలపిట్ట అన్న పేరుతో కలిపి చెప్పాడు. అంటే ఈ పేరు రంగును బట్టి రాలేదు, పాడిని బట్టి వచ్చింది.

సంస్కృతంలో దీన్ని చాషమంటారు. అమరకోశంలో ‘చాషః కికీదివిః’ అని రెండు పేర్లు ఉన్నాయి. రెండూ కూత విని పెట్టినట్టే వినిపిస్తాయి నాకు. ఇంగ్లిష్‌లో రోలర్ అనడానికి కారణం దాని విన్యాసం. జతకట్టే కాలంలో మగపిట్ట పైకి ఎగిరి గాలిలో పల్టీలు కొడుతూ దిగుతుంది. ఒకే పిట్టను ఒకరు విన్నారు, ఒకరు చూశారు, మనవాళ్లు కొట్టంలో నిలబడి తలుచుకున్నారు.

*

జవాబు, మెహదీపట్నం నుంచి:

మేడం, అర్థం సంగతి సరే. బొమ్మ జాగ్రత్త. నిరుడు దసరాకు నా ఫోన్‌కు వచ్చిన శుభాకాంక్షల్లో మూడు రకాల ‘పాలపిట్టలు’ ఉన్నాయి. ఒకదానిది ఊదా రొమ్ము, పొడుగు తోక. అది ఆఫ్రికా పిట్ట. ఇంకోటి తలా రొమ్మూ మొత్తం లేతనీలం, అది యూరప్ నుంచి వలస వచ్చే రకం. మూడోది ఎర్ర ముక్కు, తెల్ల రొమ్ము ఉన్న లకుముకి! మన పాలపిట్ట కూర్చున్నప్పుడు గోధుమ రంగుగా, సాదాగా ఉంటుంది. రొమ్ము మీద సన్నటి చారలు, నెత్తి మీద నీలం. రెక్క విప్పితే మాత్రం ముదురు నీలం, లేత నీలం పట్టీలు మెరుస్తాయి. పిల్లలకు రెండు బొమ్మలూ ఇవ్వండి, కూర్చున్నదీ ఎగిరేదీ.

*

జవాబు, సూర్యాపేట నుంచి:

ఈక సంగతి పుస్తకంలో రాయకండి. పిల్లలు పట్టడం మొదలుపెడతారు. ఇప్పటికే దసరా రోజు కొందరు పంజరంలో పెట్టి గుడి ముందు డబ్బులకు చూపిస్తున్నారు.

*

మళ్లీ నేనే. అందరికీ ధన్యవాదాలు.

సూర్యాపేట అన్నగారి మాట నన్ను రెండు రోజులు పట్టుకుంది. పంజరంలో పిట్టను నేనూ చూశాను, ఒక దసరా నాడు. రెక్కలు అంటుకుపోయి ఉన్నాయి. జమ్మి పూజ చేసి పొలిమేరలో స్వేచ్ఛగా ఎగిరే పిట్టను చూడటం కదా మన ఆచారం? పట్టి తెచ్చి చూపిస్తే దాన్ని దర్శనం అంటామా? 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం అది నేరం కూడా.

అయినా ఈక సంగతి తీసేయను. తీసేస్తే పేరులో ఉన్న ఊరు, ఆవు, కొట్టం అన్నీ పోతాయి. ‘పూర్వం అలా నమ్మేవారు, ఈకతో పాలు పెరగవు’ అని కలిపి రాస్తాను. పేరు ఎంత విలువైనదో కలివికోడిని చూస్తే తెలుస్తుంది. 1900 తరువాత ఎవరికీ కనపడక, అంతరించిందనుకున్న ఆ పిట్ట 1986 జనవరిలో కడప జిల్లాలో మళ్లీ దొరికింది. దాన్ని పట్టి ఇచ్చింది అక్కడి వేటగాడు ఐతన్న. కలివి పొదల్లో తిరిగే కోడి అని పేరులోనే దాని చోటు చెప్పుకున్నవాళ్లు ఆ ఊరివాళ్లు. అలాంటి పేర్లను ఇంగ్లిష్ నుంచి కొత్తగా కుట్టుకుంటే మనకు దొరకవు.

మెహదీపట్నం సోదరుడు చెప్పినట్టు రెండు బొమ్మలు గీయిస్తున్నాం. చిత్తుప్రతి ఇది, తప్పులుంటే చెప్పండి:

పాలపిట్ట. పావురమంత ఉంటుంది. చేవెళ్ల దారిలో, పొలాల పక్కన తీగల మీద ఒంటరిగా కూర్చుని నేల మీదికి చూస్తూ ఉంటుంది. మిడతలను, పేడపురుగులను దిగి పట్టుకుంటుంది, అందుకే రైతుకు మేలు. కూర్చున్నప్పుడు గోధుమ రంగు, ఎగిరితే నీలం. కూత కరుకు. దీని ఈక మేపితే ఆవు పాలు పెరుగుతాయని పూర్వం నమ్మేవారు, పేరు అలా వచ్చింది. ఈకతో పాలు పెరగవు. పట్టకూడదు. దసరా రోజు ఊరి బయటికి వెళ్లి చూడండి.

తరువాతి పేజీ తీతువు. అది కూస్తే కీడని మా అత్తగారు ఇప్పటికీ తలుపు వేసేస్తారు. మీ ఊళ్లో దాన్ని ఏమంటారు, కూతను ఏ మాటలతో చెబుతారు? రాయండి, పక్కన మీ ఊరి పేరు కూడా పెట్టండి.