కాంచనమాల గారి మీద ఎక్స్‌పెరిమెంటల్ షార్ట్ ఫిల్మ్, నటి లేకుండా తీయొచ్చా?

తెనాలి_కెమెరా:
అందరికీ నమస్తే. కాంచనమాల గారి మీద పది నిమిషాల షార్ట్ ఫిల్మ్ తీద్దామనుకుంటున్నాం. మాలపిల్ల, గృహలక్ష్మి (రెండూ 1938లోనే), వందేమాతరం, ఇల్లాలు, బాలనాగమ్మ (1942), ఇన్ని చేసిన స్టార్ ఆ తర్వాత తెరమీద దాదాపు కనపడలేదు, 1981లో పోయారు. మా టీమ్‌లో ఒకరు కాంట్రాక్ట్ గొడవ, మతి చలించడం, చీకటి గది, ఏడుపు ఇవన్నీ పెట్టి స్క్రిప్ట్ రాశారు, నాకు మనసొప్పట్లేదు. ఆమె వేషం ఎవరిచేతా వేయించకుండా పాత సినిమా బిట్లతోనే చేయొచ్చా? కాపీరైట్ సంగతేంటి?

రీలు_పిచ్చి:
చేయొచ్చు బ్రో, 1936లోనే చేశారు. జోసెఫ్ కార్నెల్ అనే అమెరికన్ ఆర్టిస్ట్ ఈస్ట్ ఆఫ్ బోర్నియో (1931) అనే సినిమా ప్రింట్ కోసి, అందులో హీరోయిన్ రోజ్ హోబర్ట్ ఉన్న షాట్లే ఎక్కువగా తీసుకుని 19 నిమిషాలకి అతికించాడు, పేరు కూడా ఆమె పేరే పెట్టాడు. మాటలు తీసేశాడు, మూకీ స్పీడులో స్లోగా వేశాడు, నీలం రంగులో చూపించి బ్రెజిల్ పాటల రికార్డు పెట్టాడు. కథ పోయింది, ఆమె చూపులు, తల తిప్పడం, తలుపు దగ్గర ఆగడం ఇవే మిగిలాయి. ముందు అది చూడండి.

పాతసినిమా_గుంటూరు:
కాపీరైట్ గురించి. సినిమాకైతే రిలీజైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు, అంటే బాలనాగమ్మకి కూడా 2002తో అయిపోయింది. కానీ రచనకి లెక్క వేరు, రచయిత పోయాక 60 ఏళ్లు. మాలపిల్ల మాటలు తాపీ ధర్మారావు గారివి, ఆయన పోయింది 1973లో, కాబట్టి 2033 చివరిదాకా జాగ్రత్త. పైన చెప్పినట్టు సౌండ్ తీసేస్తే చాలావరకు ఆ బాధ తగ్గుతుంది, అయినా ఒకసారి లాయర్‌ని అడగండి.

సుజాత_మేడమ్:
బాబూ, ఆ చీకటి గది మాత్రం వద్దు. ఆమె అనారోగ్యం గురించి తలా ఒక మాట రాశారు, మనమెవరం చూడలేదు. మనం చూడగలిగింది ఆమె పని. డైరెక్టర్ గూడవల్లి రామబ్రహ్మం గారు మాలపిల్లలో ఒక దళిత అమ్మాయి పాత్రని హీరోయిన్‌గా నిలబెట్టారు, అదీ 1938లో, ఆ సంపాలత పాత్రని భుజాల మీద మోసింది ఈవిడే. ఆ ముఖం ఒక్కటీ పెట్టి, 1942 తర్వాత ఏళ్లకి ఖాళీ ఫ్రేములు వదిలేయండి, ఎవరికైనా అర్థమవుతుంది.

తెనాలి_కెమెరా:
ఖాళీ ఫ్రేముల ఐడియా చాలా నచ్చింది మేడమ్, టీమ్‌కి ఇప్పుడే పంపించా. మంచి ప్రింట్ కోసం పుణె ఫిల్మ్ ఆర్కైవ్‌కి ఎవరైనా రాశారా, స్టూడెంట్స్‌కి ఇస్తారా?