సీఎన్‌సీ లేత్‌ కొటేషన్లు: ఎఫ్‌ఓబీ ధరనీ సీఐఎఫ్ ధరనీ ఎలా పోల్చాలి?

విదేశం నుంచి సీఎన్‌సీ లేత్ (కంప్యూటర్‌తో నడిచే, లోహాన్ని తిప్పుతూ కోసే యంత్రం) తెప్పిద్దామనుకుంటున్నాం. ఒకరు ఎఫ్‌ఓబీ ధర (సరుకు ఓడెక్కించేవరకే) ఇచ్చారు, ఇంకొకరు సీఐఎఫ్. పైకి మొదటిదే చవక. కానీ అందులో చక్ (లోహపు ముక్కను పట్టి ఉంచే భాగం) తప్ప ఏమీ లేదు. టూల్ హోల్డర్లు, చిప్ కన్వేయర్, చివరికి కూలెంట్ పంపు కూడా ‘ఆప్షనల్’ అని కింద చిన్న అక్షరాల్లో పెట్టారు!

రెండోదాంట్లో ఓడ కిరాయి, బీమా కలిసే ఉన్నాయి. అయితే ఇన్‌కోటర్మ్స్ 2020 (అంతర్జాతీయ వ్యాపార షరతుల నియమాలు) ప్రకారం సీఐఎఫ్‌లో అమ్మేవాళ్లు కనీస బీమా చేయిస్తే చాలు, సరుకు ఓడెక్కగానే రిస్కు మనదే. దారిలో స్పిండిల్ (యంత్రంలో తిరిగే ప్రధాన ఇరుసు) దెబ్బతింటే ఆ బీమా ఏ మూలకి? విడిగా ఇంకో పాలసీ తీసుకుంటున్నారా?

ఇంకోటి. లేత్ హెచ్‌ఎస్ కోడ్ (కస్టమ్స్‌లో సరుకు రకాన్ని తెలిపే నంబరు) 8458, టూల్ హోల్డర్లు 8466. ఒకే ఇన్వాయిస్‌లో వస్తే కస్టమ్స్‌వాళ్లు విడదీసి సుంకం వేస్తారా? ఇలా తెప్పించుకున్నవాళ్లు కాస్త చెప్పండి.