పర్లాకిమిడి పాత వీధుల్లో గైడుతో నడక: ఎవరైనా వెళ్లారా?

బరంపురం_కోడలు
అందరికీ నమస్కారం. మెట్టినిల్లు ఒడిశాలోని బరంపురం, వచ్చి పదకొండేళ్లయింది. డిసెంబరులో మా అమ్మానాన్న విజయనగరం నుంచి వస్తున్నారు. నాన్న రిటైరైన తెలుగు మాస్టారు. గిడుగు రామమూర్తి గారు పాఠాలు చెప్పిన ఊరు ఒక్కసారి చూడాలని ఎప్పటినుంచో అంటున్నారు. ఇక్కడినుంచి ఆంధ్ర సరిహద్దున ఉన్న పర్లాకిమిడి తీసుకెళ్లడం నా వంతు అయింది. అక్కడ పొద్దున్నే పాత వీధులు నడిపించి చూపించేవాళ్లు ఉన్నారని విన్నాను. గైడు అవసరమా, లేక ఆటో మాట్లాడుకుని మేమే తిరిగేయొచ్చా? నాన్నకి మోకాళ్ల నొప్పులు. అమ్మకి ఓపిక తక్కువ, పైగా ఆవిడకి రాజుల కథలంటే ఆవలింతలు.

పాతపట్నం_ఆసామి
ఆటో వద్దమ్మా. ఆటోలో వెళ్తే కోట గోడ కనిపిస్తాది, డ్రైవరు వీపు కనిపిస్తాది, అంతే. మాకు ఊరు పక్కనే, పది నిమిషాల దారి, బజారుకీ ఆసుపత్రికీ అటే పోతాం. నలభై ఏళ్లు అలా తిరిగి కూడా ఒక మాస్టారు చేయి పట్టి చూపించేదాకా నేను ఏటీ చూడలేదు.

నౌపడా_ప్యాసింజర్
నేను పోయిన చలికాలం వెళ్లాను. కారులో కాకుండా నౌపడాలో గుణుపురం బండి ఎక్కి వెళ్లాను. మా తాతగారు చదువుకోవడానికి అదే దారిలో చిన్న రైల్లో వెళ్లేవారు. పట్టాల మధ్య రెండున్నర అడుగులు, అంత చిన్నది. దిగి తుప్పలో రేగుపళ్లు కోసుకుని మళ్లీ ఎక్కేవాళ్లమని ఆయన చెప్తే నమ్మేవాణ్ణి కాదు. రాజావారు వేయించిన లైను అది, నౌపడా నుంచి పర్లాకిమిడి దాకా 25 మైళ్లు. 1931కి గుణుపురం చేరింది. 2004లో ఆపి పెద్ద లైను వేశారు, 2011కల్లా మళ్లీ గుణుపురం దాకా బళ్లు కదిలాయి. ఇవన్నీ తెలుసుకునే వెళ్లాను కాబట్టి గైడు నాకు కొత్తగా ఏం చెప్తాడులే అనుకున్నాను.

మాకు వచ్చినాయన రిటైరైన లెక్చరరు. స్టేషను ముందు నిలబెట్టి, 'ఏప్రిల్ ఒకటి ఈ ఊరికి అచ్చొచ్చిందో లేదో చివర్లో మీరే చెప్పాలి' అని మొదలెట్టారు. రైలు వచ్చింది 1900 ఏప్రిల్ 1. ఒడిశా వేరే రాష్ట్రమై ఊరు అటు చేరింది 1936 ఏప్రిల్ 1. రాజావారు కృష్ణచంద్ర గజపతి ఆ రాష్ట్రానికి మొదటి ప్రధానమంత్రి అయ్యింది 1937 ఏప్రిల్ 1 (అప్పట్లో రాష్ట్రాల్లో కూడా ప్రధానమంత్రి అనేవారు). మూడూ నేను విడివిడిగా చదివినవే. ఒక్కసారైనా పక్కపక్కన పెట్టి చూసుకోలేదు. తలకి రెండు వందలు ఇచ్చాం, నాకైతే స్టేషను దగ్గరే గిట్టుబాటైపోయింది.

తర్వాత కోట. మద్రాసు సెనేట్ హౌసు కట్టిన చిషోల్మ్ గీసిన నమూనా అది. మేం వెళ్లిన రోజు బయటనుంచే చూశాం. అక్కడ ఆయన చేసిన పని ఒకటి చెప్తాను. మమ్మల్ని కోట వైపు వీపు పెట్టి నిలబెట్టి, 'ముందు వీధి చూడండి, రాజుగారికి ఏం కనిపించేదో తెలుస్తుంది' అన్నారు. వరసగా పెంకుటిళ్లు, అరుగులు, అరుగు మీద బియ్యం ఏరుకుంటున్న ఒక ముసలమ్మ. ఆవిడ మమ్మల్ని ఎగాదిగా చూసి 'ఏటి బాబూ, ఇల్లు కొంటారేటి?' అంది.

గుణుపురం_గుంటడు
మీ అదృష్టం బాగుంది. మాకు దొరికిన కుర్రాడు రెండు గంటలూ రాజావారి కార్లు, రాజావారి గుర్రాలు, రాజావారి వేట. మా బావ ఉండబట్టలేక 'గిడుగు వారి ఇల్లు ఎక్కడ తమ్ముడూ?' అంటే, 'ఆయన ఏ పార్టీ సార్?' అన్నాడు. ఎండలో టోపీ లేదు, నీళ్లు లేవు. 'వారసత్వ అల్పాహారం' అని ముందే డబ్బు కట్టించుకుని ఉప్మా, గుగ్గిళ్లు పెట్టించాడు. అవి బస్టాండులో సగం ధరకి దొరుకుతాయి. డబ్బు ముందుగా కట్టకండి. 'గిడుగు వారి గురించి ఏం చెప్తారు?' అని ఫోనులోనే అడగండి, అక్కడే తేలిపోతాది.

మూడో_తరం
నేను పర్లాకిమిడిలోనే పుట్టాను. ఇంట్లో తెలుగు, బళ్లో ఒడియా, బజారులో ఏది ముందు నోటికొస్తే అది. ఆ కుర్రాణ్ణి నేను వెనకేసుకురాను గానీ, ఫోనులో అడగాల్సింది ఇంకొకటుంది. గైడు ఏ బళ్లో చదువుకున్నారో అడగండి.

ఒడియా మాధ్యమంలో చదివినాయనైతే నడక ఒడియా ఉద్యమ నాయకుడు మధుసూదన్ దాస్‌తో, ఆయన పెట్టిన ఉత్కళ సమ్మిళని సంఘంతో మొదలవుతుంది. 1930లో లండన్‌లో రౌండ్ టేబుల్ సమావేశానికి మా రాజావారు వెళ్లి ఒడియా వాళ్లకి వేరే రాష్ట్రం ఇమ్మని అడగడం దగ్గర ఆయన గొంతు పెద్దదవుతుంది. తెలుగు మాస్టారైతే అదే కోట ముందు నిలబడి గొంతు తగ్గిస్తారు. 1880లో నెలకి ముప్పై రూపాయల జీతం మీద రాజావారి బళ్లో చేరిన గిడుగు వారు, తర్వాత అదే వంశపు రాజావారికి ఎదురు నిలబడి, ఊరు ఒడిశాలో కలవకూడదని పోరాడారు. ఆగలేదు. జమీందారీ రెండు ముక్కలైంది. ఊరూ కొండలూ ఇటు, పాతపట్నం వైపు పల్లం చాలామటుకు మద్రాసుకే ఉండిపోయింది. కొత్త రాష్ట్రం మొదలయ్యే ఆ పొద్దునే, డెబ్బై రెండేళ్ల వయసులో ఆయన ఊరొదిలి రాజమండ్రి వెళ్లిపోయారు. 1940 జనవరిలో పోయారు.

నేను చిన్నప్పుడు బళ్లో ఏప్రిల్ ఒకటిన మిఠాయి తిని ఇంటికొచ్చేవాణ్ణి. మా నానమ్మ ఆ రోజు ఏమీ మాట్లాడేది కాదు. రెండు నడకలకీ వెళ్లండి, లేదా రెండూ తెలిసిన మనిషిని పట్టుకోండి. ఉన్నారు, తక్కువమంది.

నౌపడా_ప్యాసింజర్
మూడో_తరం గారూ, మిఠాయి ముక్కతో నా నోరు మూయించారు.

మీ నాన్నగారి కోసం ఒక మాట కోడలు గారూ. మా గైడు మాస్టారు దుకాణాల బోర్డులు చూపించి నవ్వుతూ అన్నారు: 'బోర్డులన్నీ ఒడియా. లోపల బేరమంతా తెలుగు. వ్యావహారిక భాష కోసం జీవితమంతా కొట్లాడిన మనిషి ఊళ్లో చివరికి వ్యావహారికమే మిగిలింది, రాత పోయింది.' నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఆ గైడు మాస్టారి మనవరాలు గలగలా తెలుగు మాట్లాడుతుంది, ఒక్క అక్షరం చదవలేదు.

గుణుపురం_గుంటడు
మీ ఇద్దరి నడకల్లోనూ లేనివాళ్లు సవరలు. తెలుగా ఒడియానా అని పట్నంలో తగువు పడ్డారు గానీ కొండ మీదోళ్లని అడిగిందెవరు? గిడుగు వారు అడిగారు, అది ఒప్పుకుంటాను. సవరా తెలుగూ రెండూ వచ్చినోణ్ణి ఇంట్లో పెట్టుకుని నేర్చుకున్నారు, సొంత ఖర్చుతో బడి నడిపారు, 1931లో సవర భాష మీద ఇంగ్లీషులో పుస్తకం వచ్చింది. 1936లోనే మా వైపు మంగెయి గొమాంగో సవరకి సొంత లిపి తయారుచేశారు, సొరంగ్ సొంపెంగ్ అంటారు. ఊరు ఎవరిదో తేల్చుకున్న ఏడే, ఎవరూ లెక్కలో వేసుకోనోళ్లు తమ అక్షరాలు తామే రాసుకున్నారు.

చూడాలంటే సంత రోజు పెట్టుకోండి. పసుపు, అల్లం, చింతపండు, కొండచీపుర్లు పట్టుకుని దిగుతారు. అది ఏ గైడూ చూపించడు, నడక దారి సంత పక్కనుంచే పోతాది.

కొమ్ము_దువ్వెన
అమ్మగారికి రాజుల కథలు పట్టవన్నారు కాబట్టి చెప్తున్నా: కొమ్ము పని చూపించండి. పశువుల కొమ్ముతో కొంగలు, చేపలు, రొయ్యలు, దువ్వెనలు చేస్తారు. నిప్పు సెగకి పట్టి కొమ్ముని మెత్తబరుస్తారు, మెత్తగా ఉండగానే వంచడమో సాగదీయడమో, ఆలస్యమైతే పుటుక్కున విరుగుతాది. తర్వాత రంపం, ఆకురాయి, చివర్న గంటలకొద్దీ రుద్దుడు. ఆ నలుపు రంగు వేసింది కాదు, రుద్దితే వచ్చిన మెరుపు. వాసన మాత్రం భరించాలి, జుట్టు కాలినట్టుంటాది. మా ఆవిడ కొంగు ముక్కుకి అడ్డం పెట్టుకుని గంటసేపు కదల్లేదు. పిల్లలు ఈ పనిలోకి రావడం లేదని పనాయన అన్నాడు, నేనేమీ అనలేకపోయాను. అక్కడ బేరం ఆడకండి, బాగోదు.

పట్టు_అంచు
బరంపురంలో పదకొండేళ్లుండి పర్లాకిమిడి అడుగుతున్నారా! ముందు మీ ఊళ్లో దేశి బెహెరా వీధి చూపించండి మాస్టారికి. గోదావరి వైపు నుంచి వచ్చామని చెప్పుకునే దేవాంగుల వీధులు, మగ్గం చప్పుడు, కుంభ అంచు పట్టుచీరలు, మగవాళ్ల పట్టు పంచె, కండువా జోడు. రెండేళ్లకోసారి ఠాకురాణీ యాత్రలో అమ్మవారు పుట్టింటికొచ్చేది ఆ వీధికే. ఈ ఊళ్లోనే 1894లో వి.వి. గిరి పుట్టారు. కాకపోతే గైడుతో వెళ్తే మగ్గం పది నిమిషాలు, చీరల కొట్టు గంటన్నర అవుతుంది. నడక అని పిలిచి కొట్టుకి తోలుకుపోయే రకం. మాకు అదే జరిగింది.

బరంపురం_కోడలు
అందరికీ చాలా థాంక్స్. వెళ్లొచ్చాం, అందుకే మళ్లీ వచ్చాను.

ఫోనులో గుంటడు గారి ప్రశ్న అడిగాను, మూడో_తరం గారి ప్రశ్నా అడిగాను. దొరికినాయన ఒడియా ఆయన, శ్రీకాకుళం యాసలో తెలుగు మాట్లాడతారు. ఏడింటికి మొదలెట్టాం. గంటన్నర అన్నది మూడు గంటలైంది. మాస్టారి మోకాళ్ల కోసం ఆయన ఒక ప్లాస్టిక్ స్టూలు భుజాన వేసుకుని వచ్చారు, ఆగిన చోటల్లా వేశారు. నాన్న సిగ్గుపడి మొదట కూర్చోలేదు. రెండో వీధికి కూర్చున్నారు.

గిడుగు వారి ఇల్లు అంటూ ఒక గుమ్మం ముందు ఆగాం. ఎదురింటి అరుగు మీద పెద్దాయన 'అది కాదు, ఆ చివర్ది' అన్నారు. గైడు కాదంటారు, ఆయన అవునంటారు, ఇద్దరి మధ్యా పాలమ్మే మనిషి దూరి మూడో ఇల్లు చూపించాడు. ఏది నిజమో మాకు తేలలేదు. నాన్న మాత్రం మూడు గుమ్మాలకీ దండం పెట్టారు. మా అబ్బాయి పకపకా నవ్వాడు, గైడు కూడా.

కోట ముందు ఆయన రౌండ్ టేబుల్ కథ చెప్పారు, గొంతు పెద్దదైంది, మూడో_తరం గారు చెప్పినట్టే. నాన్న మొహం చూసి మధ్యలో ఆపి, 'ఇక్కడినుంచి మీరు చెప్పండి మాస్టారూ' అన్నారు. నాన్న చెప్పారు. గైడు స్టూలు పక్కన గొంతుకూర్చుని విన్నారు, రెండు చోట్ల తన నోటు పుస్తకంలో రాసుకున్నారు. ఊరొదిలి వెళ్లిన పొద్దు దగ్గరికొచ్చేసరికి నాన్న ఆగిపోయారు. అమ్మే అందుకుని 'ఎండెక్కింది, పదండి' అంది.

అమ్మ గురించి కొమ్ము_దువ్వెన గారికి ప్రత్యేకం. గంట కాదు, గంటన్నర కూర్చుంది. నల్ల దువ్వెన కొంది. తలలో పెట్టదట, దేవుడి గూట్లో పెట్టింది, ఎందుకో అడిగితే చెప్పదు.

సంత రోజు కుదరలేదు, గుంటడు గారూ, అది బాకీ. నాన్న ఇప్పుడు ముఖలింగం అంటున్నారు, గిడుగు వారు అక్కడి శాసనాలు చదివారట కదా. పాతపట్నం నుంచి బస్సు దొరుకుతుందా?

పాతపట్నం_ఆసామి
దొరుకుతాది. ముందురోజు మా ఇంటికి రండి. స్టూలు నేను తెస్తాను.