"ఈ పత్రిక వ్రాసిన తెర్తియు అను నేను": ఇక్కడ ‘వ్రాసిన’ అంటే?

అడిగినవారు:
అందరికీ నమస్కారం. నాకు గ్రీకు రాదు, వేదాంతం అసలే రాదు. ఒక తెలుగు మాట గురించి అడుగుతున్నాను, అంతవరకు చెప్పినా చాలు.

మా అమ్మమ్మకి చూపు మందగించింది. రోజూ రాత్రి భోజనాలయ్యాక బైబిల్లో ఒక అధ్యాయం నేనే చదివి వినిపిస్తాను. మొన్న రోమీయులకు వ్రాసిన పత్రికలో ఆఖరి అధ్యాయం వచ్చింది. అధ్యాయం నిండా ఫలానా వారికి వందనములు, ఫలానా వారికి వందనములు. నిద్ర ముంచుకొస్తోంది, గబగబా చదివేస్తున్నాను. 22వ వచనం దగ్గర ఆవిడ ఆపింది. "ఈ పత్రిక వ్రాసిన తెర్తియు అను నేను ప్రభువునందు మీకు వందనములు చేయుచున్నాను."

"వ్రాసింది పౌలు కదరా, మధ్యలో ఈ తెర్తియు ఎవడు?" అంది.

వెనక్కి తిప్పి మొదటి వచనం చూశాను. అక్కడ పౌలు పేరే ఉంది. మరి ఇక్కడ ‘వ్రాసిన’ అనడం అనువాదకుల పొరపాటా? ‘చెప్పగా వ్రాసిన’ అని ఉండాల్సిందా?

గ్రీకు కొంత చదువుకున్న సభ్యుడు:
పొరపాటు కాదండీ. మూలంలో ఉన్నదే తెలుగులోకి వచ్చింది. గ్రీకు వాక్యం "హో గ్రాప్సాస్ తేన్ ఎపిస్తొలేన్" అంటుంది, అంటే ‘పత్రికను వ్రాసిన’ అనే. ‘చెప్పగా’ అన్న మాట అక్కడ లేదు. ‘గ్రాఫో’ అనే ఆ క్రియకు మొదటి అర్థం గీయడం, గీరడం. మన పాత తెలుగులో ‘బొమ్మ వ్రాయు’ అన్నట్టే. చేతితో చేసే పనికీ మనసుతో చేసే పనికీ అదొక్కటే క్రియ.

సందర్భం చెబితే అమ్మమ్మగారికి ఇంకా నచ్చుతుంది. క్రీ.శ. 57కి అటూ ఇటూ పౌలు కొరింథులో గాయియు అనే ఆయన ఇంట్లో అతిథిగా ఉండి ఈ పత్రిక చెప్పి రాయించాడని ఎక్కువమంది పండితుల అంచనా. తరవాతి వచనంలోనే గాయియు పేరు ఉంది. గ్రీకులో 7,000 పైచిలుకు మాటలు. రెల్లుపుల్ల కలం, మసి సిరా, పాపిరస్ చుట్ట. ఒక్క కూర్చోవడంలో అయ్యే పని కాదు. అన్ని రోజులు వేళ్లు నొప్పి పెట్టేలా రాసినవాడు ఆఖరున తన తరఫున కూడా ఒక నమస్కారం పెట్టుకున్నాడు. పౌలు పత్రికల్లో వ్రాసినవాడు పేరు చెప్పుకుని పలకరించింది ఈ ఒక్క చోటే.

తెర్తియు అంటే లాటిన్‌లో ‘మూడోవాడు’. ఆ కింద వచనంలో వచ్చే క్వర్తు ‘నాలుగోవాడు’. అలా అంకెల పేర్లు బానిసల్లో, బానిసత్వం నుంచి విడుదలైనవాళ్లలో బాగా కనబడేవి. ఇద్దరూ అన్నదమ్ములేమోనని సరదాగా అనేవాళ్లు ఉన్నారు కానీ, ఆధారం ఏమీ లేదు.

రిటైరైన దస్తావేజు లేఖరి:
మాస్టారూ, మీరు గ్రీకు దాకా వెళ్లారు. మా వృత్తిలో ఇది రోజూ ఉండే సంగతే. క్రయ దస్తావేజు తీసి చూడండి. మొదటి పేజీలో "ఫలానా వారికి ఫలానా వారు వ్రాసి ఇచ్చిన క్రయ దస్తావేజు" అని ఉంటుంది. ఆ అమ్మినాయన ఒక్క అక్షరం రాసి ఉండడు. సగం మందికి చదవడం కూడా రాదు, మేం చదివి వినిపిస్తే తల ఊపేవాళ్లు. చివర సాక్షుల సంతకాల దగ్గర ‘దస్తూరి’ అని పెట్టి కింద నా పేరు. అంటే ఒకే కాగితాన్ని ఆయన ‘వ్రాసి ఇచ్చాడు’, నేనూ ‘వ్రాశాను’. రెండూ నిజమే. రేపు తగాదా వస్తే కోర్టు నన్ను సాక్షిగా పిలుస్తుంది గానీ పొలం అమ్మింది నువ్వే అనదు.

తెర్తియు పెట్టింది దస్తూరి. పౌలు వ్రాసి ఇచ్చినవాడు. నాకైతే అనుమానమే లేదు. (ఇప్పుడంతా కంప్యూటర్, దస్తూరి అన్న మాటకి అర్థమే పోయింది, అది వేరే ఏడుపు.)

మరో సభ్యురాలు:
ఎంత బాగా చెప్పారండీ! దీనికి మనకి పాత మాటలు కూడా ఉన్నాయి: వ్రాయసకాడు, రాయసం. విజయనగర కాలంలో రాయసం అంటే రాజు ఉత్తరువులు రాసే కొలువు. ఇప్పటికీ ఆ ఇంటిపేరు వాళ్లున్నారు. వాళ్ల పూర్వీకుల్ని ఎవరూ ఆ ఉత్తరువుల ‘రచయితలు’ అనరు కదా.

గ్రీకు కొంత చదువుకున్న సభ్యుడు:
లేఖరి గారికి దండం. ఈజిప్టులో ఇసుకలో దొరికిన పాపిరస్ ఉత్తరాలు, పత్రాలు అచ్చం మీరు చెప్పినట్టే ఉంటాయి. "ఇతనికి అక్షరాలు రావు గనుక ఇతని తరఫున నేను వ్రాశాను" అనే మాట వాటిలో మళ్లీ మళ్లీ వస్తుంది. ఉత్తరాల్లో అయితే ఒళ్లంతా ఒక గుండ్రటి చేతిరాత, చివర ‘క్షేమంగా ఉండు’ అన్న ఒక్క మాట మాత్రం వేరే చేతిరాత. ఆ చివరి మాట పంపినవాడిది. సంతకం అనే పద్ధతి అప్పట్లో ఇంకా ఇలాగే ఉండేది.

పౌలు కూడా అదే చేశాడు. గలతీయులకు వ్రాసిన దాని చివర "నా స్వహస్తముతో మీకెంత పెద్ద అక్షరములతో వ్రాయుచున్నానో చూడుడి" అంటాడు. అప్పటిదాకా వ్రాయసకాడి చిన్న అక్షరాలు, ఇక్కడ కలం ఈయన చేతికి వచ్చింది. పాత ఇంగ్లీషు అనువాదం ఒకటి దీన్ని ‘ఎంత పెద్ద ఉత్తరం రాశానో’ అని తిప్పింది, ఆ భాషలో అక్షరానికీ ఉత్తరానికీ ఒకే మాట కదా. మన తెలుగు ‘అక్షరములతో’ అని సరిగ్గా పట్టుకుంది.

ఇక ఫిలేమోను పత్రిక లేఖరి గారి కోసమే ఉన్నట్టుంటుంది. ఒనేసిము అనే దాసుడి వల్ల నీకేమైనా నష్టం వస్తే నా లెక్కలో వేసుకో అని చెప్పి, "పౌలను నేను నా స్వహస్తముతో ఈ మాట వ్రాయుచున్నాను, అది నేనే తీర్తును" అంటాడు.

లేఖరి:
ఇది ప్రామిసరీ నోటే! స్టాంపు ఒక్కటే తక్కువ.

ఇంకో సభ్యుడు:
మధ్యలో వస్తున్నందుకు క్షమించాలి. అందరూ చాలా తేలిగ్గా తేల్చేస్తున్నారు. పౌలు పేరున 13 పత్రికలున్నాయి. వాటిలో రోమా, కొరింథీయులకు రెండు, గలతీ, ఫిలిప్పీ, 1 థెస్సలొనీక, ఫిలేమోను, ఈ ఏడూ ఆయనవే అనడంలో పండితులకు పెద్దగా పేచీ లేదు. మిగిలిన ఆరింటి మీదే గొడవ. మరీ ముఖ్యంగా తిమోతికి రెండు, తీతుకు ఒకటి. భాష వేరు, వాక్యం నడక వేరు, సంఘంలో పదవుల ఏర్పాటు కూడా తరవాతి కాలం నాటిదిలా ఉంటుంది. అడిగితే ‘అదంతా వ్రాయసకాడి శైలి’ అంటారు. లేఖరి గారు దస్తావేజు భాష రాస్తారు గానీ పొలం హద్దులు తనే నిర్ణయించరు కదా? ఎంతవరకు వ్రాయసకాడి మీదకి నెట్టగలం?

గ్రీకు కొంత చదువుకున్న సభ్యుడు:
న్యాయమైన ప్రశ్న. నా అభిప్రాయం నేరుగా చెబుతాను: తెర్తియును అన్నిటికీ తాళంచెవిగా వాడటం నాకూ నచ్చదు. చెప్పింది చెప్పినట్టు రాసే వ్రాయసకాడూ ఉన్నాడు, ‘ఇలా ఒకటి రాసేయి’ అంటే సొంత మాటల్లో రాసిపెట్టేవాడూ ఉన్నాడు. రోమా పత్రికలో తెర్తియు ఉన్నా అది పౌలు గొంతులాగే వినిపిస్తుంది, కాబట్టి అతను మొదటి రకం. తిమోతి పత్రికల దగ్గర వ్రాయసకాడి పేరే లేదు. లేనివాడి మీద భారం వేస్తున్నాం.

‘చేవ్రాత’ అనే మాట చూడండి. 2 థెస్సలొనీక 3:17. "పౌలను నేను నా చేవ్రాతతో వందనమని వ్రాయుచున్నాను, ప్రతి పత్రికయందును అదే గురుతు, నేను వ్రాయుట ఈలాగే." తెలుగులో చేవ్రాలు అంటే సంతకం కదా, ఆ వాసన ఇందులో ఉంది. అదే పత్రిక రెండో అధ్యాయంలో, మా దగ్గర నుంచి వచ్చిందని ఎవరైనా పత్రిక చూపిస్తే కంగారుపడొద్దని హెచ్చరిక కూడా ఉంది. అంటే పౌలు పేరుతో దొంగ ఉత్తరాలు పుట్టొచ్చన్న భయం ఆ రోజుల్లోనే ఉంది. తమాషా ఏమిటంటే, పౌలుది అవునా కాదా అని వాదన నడిచే పత్రికల్లో ఇదీ ఒకటి. నిజమైనదే కాబట్టి గుర్తు పెట్టాడని ఒకరు, ఇంత గట్టిగా చెప్పుకోవడమే అనుమానమని ఇంకొకరు.

ఆ గుర్తు చూసి తేల్చేద్దామంటే అసలు ప్రతులు ఒక్కటీ మిగల్లేదు. మనకున్న పాత సంపుటం సుమారు 200 నాటి పాపిరస్ పుస్తకం, పండితులు పి46 అంటారు. దాని ఆకులు కొన్ని డబ్లిన్‌లో, కొన్ని అమెరికాలో మిషిగన్‌లో ఉన్నాయి. అందులో మొదటి నుంచి చివరి దాకా ఒకే నకలురాయుడి చేతిరాత. గలతీ పత్రికలోని ‘నా స్వహస్తముతో’ అన్న వాక్యం కూడా అతని రాతలోనే ఉంది! గుర్తు పోయింది, గుర్తు గురించి చెప్పిన మాట మిగిలింది.

సంఘ సేవలో ఉన్న సభ్యుడు:
ఈ సంగతులు మా దగ్గర మాట్లాడాలంటే కొంచెం టెన్షనే. అయినా ఒకటి చెప్పాలి. పాతకాలం వాళ్లు ఎవరి పేరు మీద ఎవరు రాసినా ఏమీ అనుకునేవాళ్లు కాదని కొందరు అంటుంటారు. అది సరికాదు. పౌలు కార్యాల పేరుతో ఒక కథ అల్లిన సంఘ పెద్ద ఒకాయన ఆసియా ప్రాంతంలో దొరికిపోయాడని, పౌలు మీద ప్రేమతోనే చేశానని ఒప్పుకున్నా పదవి పోయిందని తెర్తుల్లియన్ అనే క్రైస్తవ రచయిత 200 ప్రాంతంలో రాశాడు. ప్రేమ చూసి వదిలేయలేదు.

1 పేతురు గురించి కూడా చెప్పండి మాస్టారూ. అపొస్తలుల కార్యములలో పేతురు, యోహానులను "విద్యలేని పామరులు" అన్నారు. పత్రికలో గ్రీకు చూస్తే మంచి నునుపుగా ఉందంటారు. 5:12లో ‘సిల్వానుచేత’ అని ఉంది కదా, అది సరిపోదా?

గ్రీకు కొంత చదువుకున్న సభ్యుడు:
ఇక్కడ మన ‘చేత’ కాస్త ఇరకాటంలో పెట్టింది. గ్రీకులో ‘దియా సిలువానూ’. ‘దియా’ అంటే ద్వారా. ఆనాటి ఉత్తరాల్లో ‘ఫలానా వాని ద్వారా రాశాను’ అంటే తరచుగా ‘ఫలానా వాని చేతికిచ్చి పంపాను’ అని. ప్రభుత్వ టపా ప్రభుత్వానికే, మామూలు జనం అటు వెళ్లేవాడెవడో చూసుకుని ఇచ్చేవాళ్లు. తెలుగులో ‘సిల్వానుచేత వ్రాసి’ అనగానే అతను రాసినట్టే తోస్తుంది. అలా చదవడానికీ గ్రీకులో చోటుంది, కాదనను. కానీ పేతురు గ్రీకు చిక్కు మొత్తం ఆ ఒక్క ‘చేత’ మీద వేలాడదీయలేం.

హెబ్రీయులకు వ్రాసిన పత్రిక కథ ఇంకా రుచిగా ఉంటుంది. అందులో ఎక్కడా రచయిత పేరు లేదు. అయినా పి46లో అది రోమా పత్రిక వెంటనే, పౌలు పత్రికల మధ్యలోనే కూర్చుంది. మూడో శతాబ్దంలో ఒరిగెన్ అనే క్రైస్తవ పండితుడు దాని గురించి, భావాలు అపొస్తలుడివి, మాటల కూర్పు ఆ బోధను గుర్తుపెట్టుకుని రాసిన ఇంకెవరిదో అని, ఆ పత్రిక వ్రాసినవాడెవరో నిజం దేవుడికే తెలుసని అన్నాడు. సంఘ చరిత్ర రాసిన యూసేబియస్ దీన్ని తన పుస్తకంలో ఎత్తి రాసిపెట్టాడు. ఇక్కడ ఒరిగెన్ వాడిన మాట చూడండి: "హో గ్రాప్సాస్ తేన్ ఎపిస్తొలేన్". అక్షరం పొల్లుపోకుండా తెర్తియు మాటే! మరి ఒరిగెన్‌కి తెలియనిది రచయితా, దస్తూరీనా? దేవుడికే తెలుసన్న మాటను ‘రచయిత ఎవరో తెలియదు’ అని అందరూ ఎత్తి చెబుతారు. అమ్మమ్మగారి ప్రశ్న అక్కడా వేయాల్సిందే.

అడిగినవారు:
అందరికీ ధన్యవాదాలు. ఇంకో చిన్నది. ‘పత్రిక’ అంటే మా అబ్బాయి పేపరా, వారపత్రికా అని అడిగాడు.

మరో సభ్యురాలు:
పత్రం అంటే ఆకు, ఆకు మీద రాసింది పత్రిక. ఉత్తరం అన్న పాత అర్థం లగ్నపత్రికలో, ఆహ్వాన పత్రికలో ఇంకా బతికే ఉంది. వార్తాపత్రికలు వచ్చాక ‘వార్తా’ రాలిపోయి ‘పత్రిక’ ఒక్కటే నిలబడింది, అంతే. మా కథోలిక గుడిలో పఠనం చదివేటప్పుడు ‘లేఖ’ అనే అంటాం.

అడిగినవారు:
ఇవన్నీ అమ్మమ్మకి చదివి వినిపించాను. దస్తూరి మాట వినగానే ఆవిడకి అంతా అర్థమైపోయింది. మా తాతగారు పొలం కొన్నప్పటి లేఖరి పేరు కూడా చెప్పింది. ఆఖరున "అంత పెద్ద పత్రిక రాసినందుకు ఆ తెర్తియుకి కూలి ఎంతిచ్చారో లేదా?" అని అడిగింది.

గ్రీకు కొంత చదువుకున్న సభ్యుడు:
తెర్తియుది తెలియదు గానీ, రెండున్నర శతాబ్దాల తరవాత 301లో డయోక్లీషియన్ చక్రవర్తి ధరల పట్టీ వేశాడు. అందులో మంచి దస్తూరికి 100 పంక్తులకు 25 దేనారాలు, రెండో రకానికి 20. అర్జీలు, దస్తావేజులు రాసేవాడికి 10.

లేఖరి:
అప్పుడూ మాకే తక్కువన్నమాట.

గ్రీకు కొంత చదువుకున్న సభ్యుడు:
ఇంకో మాట లేఖరి గారూ. గ్రీకు వాక్యంలో ‘ప్రభువునందు’ అన్నది ఆఖరున, ‘పత్రికను వ్రాసిన’ పక్కనే ఉంటుంది. తెలుగులో అది ‘వందనములు’ వైపు జరిగింది. ‘ప్రభువునందు ఈ పత్రిక వ్రాసిన తెర్తియు అను నేను’ అని కూడా చదవొచ్చు.

లేఖరి:
అయితే కూలి తీసుకోలేదు. అమ్మమ్మగారికి అలా చెప్పేయండి.