కాల్ ద మిడ్‌వైఫ్: పేదరికానికి పంచదార పాకమా?

తూర్పుగాలి:
బీబీసీలో 2012 జనవరిలో మొదలైన సీరియల్ ఇది. కథ 1957లో, లండన్ ఈస్ట్ ఎండ్‌లోని పోప్లార్ అనే రేవుకూలీల పేటలో ఆరంభమవుతుంది. క్రైస్తవ సన్యాసినులు, నర్సులు ఒకే ఇంట్లో ఉంటూ సైకిళ్ల మీద వెళ్లి కాన్పులు చేస్తుంటారు. మూడు సీజన్లు చూసేసరికి నాకు మొహం మొత్తింది. గోడలు చెమ్మ పట్టి ఉంటాయి, ఒక్క గదిలో ఇంటిల్లిపాదీ సర్దుకుంటారు. భాగం ముగిసేసరికి మాత్రం బిడ్డ కేరుమంటుంది, తెరవెనుక ఒక ముసలి గొంతు ప్రేమ గురించి నాలుగు మాటలు చెబుతుంది, మనం కళ్లు తుడుచుకుంటాం. ఇది పేదల కథా, పేదలను చూసి మురిసిపోయేవాళ్ల కథా?

పాతరేడియో:
మూడింటితో ఆపేశారు కనుక ఈ మాట అంటున్నారు. ఐదో సీజన్‌లో థాలిడోమైడ్ వస్తుంది. వేవిళ్లు తగ్గడానికని ఇచ్చిన మాత్ర. రాసిచ్చింది దుర్మార్గుడెవరో కాదు, అప్పటిదాకా మనం అభిమానించిన డాక్టర్ టర్నరే. కాళ్లూ చేతులూ సరిగా ఏర్పడని పిల్లలు పుడతారు. 1961 చివర్లో మందును వెనక్కి తీసుకున్నా, ఆయన మనసును ఆ చీటీలు వదలవు. అంతెందుకు, మీరు చూసిన రెండో సీజన్‌లోనే ఎనిమిదిమంది పిల్లల తల్లి దొంగచాటుగా గర్భం తీయించుకుని చావు అంచుదాకా వెళ్తుంది. గర్భస్రావ చట్టం 1967లో గానీ రాలేదు. పాకం ఎక్కడుంది గారూ?

చింతచిగురు:
ఉంటే ఉండనివ్వండి. మన సీరియళ్లలో కాన్పంటే వేడినీళ్లు తెమ్మని ఒక అరుపు, మూసిన తలుపు వెనుక రెండు కేకలు. వీళ్లు కనీసం తలుపు తీశారు.

రాత్రిడ్యూటీ:
ప్రసూతి వార్డులో నర్సుగా పదకొండేళ్లు చేశాను. మొదటి భాగంలో స్పెయిన్ నుంచి వచ్చిన కాంచిటాకు అది 25వ కాన్పు. నెలలు నిండని బిడ్డను ఆసుపత్రికి పంపనని మొండికేసి గుండెకు హత్తుకుని ఉంచుకుంటుంది. ఇప్పుడు మేం తల్లులకు దగ్గరుండి నేర్పేది అదే, కంగారూ సంరక్షణ అంటాం. నన్ను కట్టిపడేసింది మాత్రం ఇంకొకటి. నర్సు కొమ్ములాంటి గొట్టాన్ని పొట్టకు ఆనించి, చెవి పెట్టి, కదలకుండా వింటూ ఉంటుంది. ఆ తీరిక! రాత్రిపూట నేనొక్కదాన్నే ఐదు మంచాలు చూసుకునేదాన్ని. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో తెలంగాణ కాన్పుల్లో 60.7 శాతం సిజేరియన్లే. నొప్పుల పక్కన కూర్చునే మనిషి లేకపోవడం కూడా దానికి ఒక కారణమని నా అనుభవం. మీకు తీపిగా తోచింది నాకు డ్యూటీ పట్టికలా కనిపించింది.

తూర్పుగాలి:
థాలిడోమైడ్ సంగతి ఒప్పుకున్నాను, ఐదోది చూస్తాను. కానీ రాత్రిడ్యూటీ గారి మాటతో నా పేచీ ఇంకా గట్టిపడింది. ఆ తీరిక ఎవరి దయవల్లా రాలేదు. 1948 జూలైలో బ్రిటన్ ప్రభుత్వ ఉచిత వైద్య సేవ ఎన్‌హెచ్‌ఎస్ మొదలైంది, తలుపు తట్టిన నర్సుకు తల్లి చిల్లిగవ్వ ఇవ్వనక్కరలేకపోయింది. ముసలి గొంతు మాత్రం ప్రేమనే పొగుడుతుంది, జీతం ఊసెత్తదు.

పాతరేడియో:
ఆ గొంతు ఎత్తకపోయినా, ప్రభుత్వ నిర్ణయాలు ఆ పనిని ఎలా మార్చాయో కథ చూపిస్తుంది. కాన్పుల్లో 70 శాతం ఆసుపత్రుల్లో జరగాలని 1959లో బ్రిటన్ ప్రభుత్వం వేసిన క్రాన్‌బ్రూక్ కమిటీ చెప్పింది, 1970లో అలాంటిదే పీల్ నివేదిక నూటికి నూరూ అంది. సీరియల్‌లో ఎక్కువ భాగం ఆ రెంటి నడుమ నడుస్తుంది. ఆ సైకిళ్లకు పని తగ్గిపోవడం చూడాలంటే ఇంకా ముందుకు వెళ్లాలి.

రాత్రిడ్యూటీ:
తూర్పుగాలి గారూ, ఐదో సీజన్‌లో పసికందును చలికి కిటికీ పక్కన వదిలేసే భాగం ఒకటుంది. రాత్రి ఒంటరిగా ఉన్నప్పుడు పెట్టుకోకండి.